పేరు రాసే చెయ్యి

పోయిన వేసవిలో ఒక సాయంత్రం నా పాత విద్యార్థి ఒకడు కూతురిని వెంటబెట్టుకుని మా ఇంటికి వచ్చాడు. హోసూరుకు ఆవల, కర్ణాటక సరిహద్దును ఆనుకుని ఉన్న పల్లెలో నేను చాలా ఏళ్ళు పాఠాలు చెప్పిన తెలుగు బడిలో చదివినవాడు. ఇప్పుడు అతనికీ జుట్టు నెరిసింది. కూతురికి జర్మనీలో ఉద్యోగం వచ్చిందట. పాస్‌పోర్టు ఫారం నింపుతూ ‘సర్‌నేమ్’ అన్న గడి దగ్గర ఆగిపోయారు.

“అయ్యోరా, మా ఇంటిపేరు రాద్దామంటే రుజువు అడగతా ఉండారు. నా బడి సర్టిఫికెట్లో ఇనీషియల్ ఒకటే ఉండాది. మీరేమన్నా కాగితం రాసిచ్చేదానికి అవుతుందా?” అని అడిగాడు.

అవలేదు. రిజిస్టరులో లేని పేరు ఉందని నేనెలా రాసివ్వను? అది లేకపోవడానికి కారణం మాత్రం నేనే. 1978 జూన్‌లో అతని తండ్రి తలపాగా చేతిలో పట్టుకుని నా బల్ల ముందు నిలబడి, ఇంటిపేరుతో సహా కొడుకు పేరు చెప్పాడు. తమిళనాడు బళ్ళ ఆనవాయితీ ప్రకారం నేను తండ్రి పేరులో మొదటి అక్షరం వేసి, పక్కన పిల్లవాడి పేరు రాశాను. “ఇంటిపేరుకు ఇక్కడ గడి లేదు” అన్నాను. ఆయన తల ఊపి వెళ్ళిపోయాడు. నేను అబద్ధం చెప్పలేదు, గడి నిజంగానే లేదు. కాని ఆ ఒక్క మాటతో నా బాధ్యత తీరిపోయిందనుకున్నాను చూశారూ, అది ఇన్నేళ్ళ తరవాత వచ్చి నన్ను పట్టుకుంది.

చివరకు ఆ గడిలో తండ్రి పేరే రాయాలని తేలింది. “అయితే జర్మనీ వాళ్ళకందరికీ ఈ గడి నింపే పేరు ఎట్లా వచ్చింది తాతా?” అని ఆ అమ్మాయి అడిగింది. నాకు తెలిసింది చెప్పాను. చెబుతూ ఉండగా, ఇది జర్మనీ సంగతి మాత్రమే కాదనీ, నా మీదకే వచ్చే ప్రశ్న అనీ తోచింది. మనిషి పేరు ఎవరి సొత్తు? పిలిచేవాడిదా, మోసేవాడిదా, రాసేవాడిదా?

ముందు ఇంగ్లండు సంగతి చూద్దాం. వెయ్యేళ్ళ క్రితం అక్కడి సామాన్యుడికి తరతరాలుగా వచ్చే పేరంటూ ఏదీ లేదు. 1066లో నార్మన్లు ఆ దేశాన్ని జయించిన తరవాతి శతాబ్దాల్లో పాత ఇంగ్లీషు పేర్లు వెనకబడి విలియం, రాబర్ట్, రిచర్డ్, జాన్ వంటి కొద్ది పేర్లే ఊరూరా నిండిపోయాయి. ఒకే ఊళ్ళో పదిమంది జాన్లు ఉంటే ఏం చేస్తారు? మన పల్లెల్లో చేసేదే చేశారు. కొలిమి దగ్గరి జాన్ స్మిత్ అయ్యాడు, అంటే కమ్మరి. పీపాలు చేసేవాడు కూపర్, బాణాలు చేసేవాడు ఫ్లెచర్, బండ్లు చేసేవాడు వెయిన్‌రైట్. కొండ పక్క ఇల్లయితే హిల్, అడవి అంచునయితే వుడ్. జాన్ కొడుకు జాన్సన్, విల్ కొడుకు విల్సన్. పొట్టివాడు షార్ట్. ఆడవాళ్ళ జాడ కూడా వెతికితే దొరుకుతుంది. వెబ్‌స్టర్, బాక్స్‌టర్ అన్న పేర్లలోని ‘స్టర్’ అనే తోక మొదట ఆడవాళ్ళకు చెల్లింది. నేత నేసే ఆమె, రొట్టెలు కాల్చే ఆమె అన్నమాట. మెగ్సన్ అంటే మెగ్ అనే తల్లి కొడుకు.

ఇందులో గమనించవలసింది ఏమిటంటే, వీళ్ళలో చాలామంది తమ పేరు తాము పెట్టుకోలేదు. ఇరుగుపొరుగు పిలిచారు, వీళ్ళు పలికారు. పిలుపు కాబట్టి అది కదులుతూ ఉండేది. కమ్మరి కొడుకు బట్టలు కుడితే టైలర్ అని పిలిచేవారు, అంతే. ఆ కదిలేదాన్ని నిలిపేసింది కలం. ఆస్తి తండ్రి నుంచి కొడుక్కి పోయేటప్పుడు, పన్ను వసూలు చేసేటప్పుడు పేరు కాగితం మీద నిలకడగా ఉండాలి. 1377, 1379, 1381 సంవత్సరాల్లో అక్కడ తలపన్ను వేశారు. ఎవరు కట్టారో ఎవరు ఎగ్గొట్టారో రాయడానికి ఉత్త జాన్ అంటే కుదరదు. సుమారు 1400 నాటికి చాలామంది ఇంగ్లీషువాళ్ళకు వంశనామం స్థిరపడింది. 1538లో థామస్ క్రాంవెల్ ఆజ్ఞతో చర్చిల్లో బాప్తిస్మాలు, ఖననాలు, పెళ్ళిళ్ళు నమోదు చేయడం మొదలయ్యాక అది ఇంకా గట్టిపడింది.

జర్మనీలోనూ ఇదే వరస. అక్కడ అందరికంటే ఎక్కువగా కనిపించే పేరు ముల్లర్, అంటే పిండిమర నడిపేవాడు. ష్మిట్ కమ్మరి, ష్నైడర్ దర్జీ, వేబర్ నేతగాడు, ఫిషర్ జాలరి, వాగ్నర్ బండ్లు చేసేవాడు. మర లేని ఊరు, కొలిమి లేని ఊరు ఉండదు గనక ఈ పేర్లు దేశమంతా పరుచుకున్నాయి. షుల్జ్ అంటే ఊరి పెద్ద, పై దొరకు రావలసినది వసూలు చేసిపెట్టేవాడు. పద్దెనిమిదో శతాబ్దిలో మద్రాసులో ఉండి తెలుగు నేర్చి, తిరిగి వెళ్ళాక 1740లలో జర్మనీలోని హాలే నగరంలో తెలుగు పుస్తకాలు అచ్చువేయించిన బెంజమిన్ షుల్జ్ పేరు అదే. ఆయన మన దగ్గర ఏ శిస్తూ వసూలు చేయలేదు.

పేరులోని అర్థం మనిషిని కట్టిపడేయదని చెప్పడానికి ఇంకా ఉదాహరణలున్నాయి. మన నిఘంటుకారుడు బ్రౌన్ పేరు ఏనాటిదో ఒక పూర్వీకుడి జుట్టు రంగో ఒంటి రంగో మాత్రమే. ధవళేశ్వరం ఆనకట్ట కట్టిన కాటన్ పేరు వింటే పత్తి గుర్తొస్తుంది. ఆ పేరుకూ పత్తికీ సంబంధం లేదు. పాత ఇంగ్లీషులో ‘గుడిసెల దగ్గర’ అన్న మాట ఊరి పేరై, ఆ ఊరి పేరు మనుషుల పేరైంది. 1381లో తలపన్ను మీద రైతులు తిరగబడ్డప్పుడు వాళ్ళ నాయకుడు వాట్ టైలర్. కప్పు మీద పెంకులు పరిచేవాడని ఆ పేరుకు అర్థం. ఆరు వందల ఏళ్ళ తరవాత మళ్ళీ తలపన్ను వేసి, జనం కోపం చూసి, 1990లో పదవి వదులుకోవలసి వచ్చిన ప్రధాని పేరు థాచర్, కప్పు మీద గడ్డి కప్పేవాడు. ఆమె గడ్డి కప్పలేదు, ఆమె తండ్రి కిరాణా దుకాణదారు, పైగా ఆ పేరు భర్త నుంచి వచ్చింది. ఇక మాక్స్ ముల్లర్ సంగతి సరేసరి. తన ఋగ్వేద ముద్రణలో సంస్కృతంలో పేరు వేసుకునేటప్పుడు ఆయన ‘మోక్షమూలర’ అయ్యాడు. పిండిమర మోక్షానికి మూలమైంది!

అయితే అర్థం ఇంత త్వరగా ఆవిరైపోయేటప్పుడు, పేరు ఎవరు రాస్తేనేం, ఎలా రాస్తేనేం అని అడగవచ్చు. నేనూ 1978లో, తెలియకుండానే, అలాగే అనుకున్నాను. దానికి జవాబు జర్మన్ పేర్ల చరిత్రలోనే ఉంది.

యూదుల్లో చాలామంది ‘ఫలానా తండ్రి కొడుకు’ అని చెప్పుకునేవారు. కొందరికి ఇంటిని బట్టి పేరుండేది. ఫ్రాంక్‌ఫర్ట్‌లో యూదుల వీధిలోని ఒక ఇంటికి గుర్తు ఎర్ర డాలు. ఆ ఇంట్లో ఉన్నవాళ్ళు రోత్‌షీల్డ్‌లయ్యారు. తరవాత వేరే ఇంటికి మారినా పేరు వెంట వెళ్ళింది. అచ్చంగా ఇంటిపేరు. 1787లో ఆస్ట్రియా చక్రవర్తి రెండవ జోసెఫ్ తన రాజ్యంలోని యూదులంతా స్థిరమైన జర్మన్ వంశనామం పెట్టుకోవాలని ఆజ్ఞ ఇచ్చాడు. 1812లో ప్రష్యా, పౌరసత్వం కావాలంటే స్థిరమైన పేరు ఉండాలంది. పౌరసత్వం మంచిదే, దానికి మనిషి పాత పిలుపును మూల్యంగా అడిగారు. పేరు స్థిరపడితే చిట్టాలో దొరకడం సులువవుతుంది. ఆ సులువు ఎవరి చేతిలో పడుతుందో ముందుగా ఎవరికీ తెలియదు. 1938 ఆగస్టులో నాజీ ప్రభుత్వం ఇంకొక శాసనం చేసింది. తాము యూదు పేర్లని జాబితా వేసిన పేర్లు లేని ప్రతి యూదు పురుషుడూ తన పేరుకు ఇజ్రాయెల్ అనీ, స్త్రీ సారా అనీ 1939 జనవరి నుంచి చేర్చుకోవాలి. ఆ రెండూ వాళ్ళ గ్రంథాల్లో పూజ్యమైన పేర్లే. పేరులో తప్పేమీ లేదు. తప్పంతా దాన్ని రాసిన చేతిలో ఉంది.

దీనికి ఎదురుగా ఇంకొకటి పెట్టి చూడండి. 1917లో జర్మనీతో యుద్ధం జరుగుతుండగా ఇంగ్లండు రాజు అయిదవ జార్జి తన కుటుంబపు జర్మన్ పేరు వదిలి విండ్సర్ అని ప్రకటించుకున్నాడు. అదే ఏడు ఆ బంధువర్గంలోని బాటెన్‌బెర్గ్‌లు మౌంట్‌బాటెన్‌లయ్యారు. ‘బెర్గ్’ అంటే కొండ, దాన్నే ఇంగ్లీషు చేసి ముందుకు తెచ్చారు. మన చివరి వైస్రాయి ఆ ఇంటి బిడ్డే. అంతకు నాలుగు వందల ఏళ్ళ ముందు, నల్లమట్టి అని అర్థమిచ్చే ష్వార్ట్‌జెర్ట్ అన్న జర్మన్ పేరును గ్రీకులోకి మార్చుకుని ఒక పండితుడు మెలాంక్‌థాన్ అయ్యాడు. వీళ్ళ పేర్లూ మారాయి, 1938లో యూదుల పేర్లూ మారాయి. మొదటివారిని ఎవరూ తరమలేదని అనను, జనం ద్వేషం రాజునూ తరిమింది. కాని కలం వాళ్ళ చేతిలో ఉంది. రెండోవారికి కలం లేదు. నా లెక్కలో నీతి అంతా ఈ తేడాలోనే ఉంది.

ఆడవాళ్ళ సంగతి కూడా ఈ తేడాలోకే వస్తుంది. భార్యాభర్తలు ఏ పేరూ నిర్ణయించుకోకపోతే భర్త పేరే కుటుంబానికి వస్తుందన్న నియమం సమానత్వానికి విరుద్ధమని జర్మనీ రాజ్యాంగ న్యాయస్థానం 1991లో చెప్పింది. 2025 మే నుంచి అక్కడ దంపతులు ఇద్దరి పేర్లూ కలిపి పెట్టుకోవచ్చు. అడగకుండా రాయడం నుంచి అడిగి రాయడం దాకా రావడానికి అంత కాలం పట్టింది.

ఇక్కడ నా మిత్రుడొకాయన అడ్డు తగిలాడు. “ఇనీషియల్ పద్ధతిని ఎందుకు తప్పుపడతావు? ఈ నేలలో పేరు వెనక కులం తోకను తెంపడం ఒక పోరాటం కదా” అన్నాడు. నిజమే. 1929లో చెంగల్పట్టు స్వాభిమాన మహాసభలో పేర్ల నుంచి కులపదాలు తీసేయాలని తీర్మానించారు, ఎందరో తమ పేర్ల నుంచి వాటిని తీసేశారు. అది గొప్ప పని. నేనూ దాన్ని గౌరవిస్తాను. కాని వాళ్ళు తమ పేరును తామే కోసుకున్నారు. నేను కోసింది ఇంకొకరిది. పైగా అతని తండ్రి చెప్పింది కులం పేరు కూడా కాదు, ఎప్పుడో వదిలి వచ్చిన ఒక ఊరి పేరు. ఆంధ్రదేశంలో ఉన్నవాడికి ఇంటిపేరు చివరి ఊరు ఇంకా బస్సు దిగే చోట ఉంటుంది. తరాల క్రితం ఇటు వచ్చిన మనకు ఆ ఊరు పేరులోనే మిగిలింది. కొందరికి అదీ మిగలలేదు.

అయితే పేరు ఎవరి సొత్తు? నాకు తోచింది ఇది. పేరు పుట్టేది పిలిచేవాడి నోట. అర్థం చచ్చిపోయాక దాన్ని నింపేది మోసేవాడి బతుకు. రాసేవాడికి అందులో హక్కేమీ లేదు, ఒక కర్తవ్యం మాత్రం ఉంది. రాసే ముందు అడగాలి. గడి లేకపోతే, లేదని చెప్పి ఊరుకోకుండా, మార్జిన్‌లోనైనా రాయాలి. నా రిజిస్టరుకు వెడల్పైన మార్జిన్ ఉండేది.

ఆ అమ్మాయి జర్మనీలో తండ్రి పేరుతోనే పలుకుతుంది. జాన్సన్ అనే పేరున్న ఆడవాళ్ళు ‘జాన్ కొడుకు’ అని పిలిపించుకుంటూ బతకడం లేదూ, ఈమే అలాగే బతుకుతుంది, ఆ పేరుకు తన అర్థం తాను పోసుకుంటుంది. అది నా తప్పును తుడవదు.

వాళ్ళు లేవబోతుంటే ఆపి, 1978లో అడగవలసిన మాట అప్పుడు అడిగాను. “మీ ఇంటిపేరు సరిగ్గా ఎట్లా పలుకుతారు?” అతను చెప్పాడు. రెండో అక్షరానికి దీర్ఘం ఉందని, అవ్వ అలాగే అనేదని ఆ అమ్మాయి సరిదిద్దింది. ఇద్దరూ కాసేపు వాదించుకుని దీర్ఘం ఉంచారు. బ్రౌన్ నిఘంటువు ప్రతి ఒకటి నా దగ్గర ఉంటే, మొదటి పేజీలో ఆమె పేరుకు ముందు ఆ ఇంటిపేరు దీర్ఘంతో సహా రాసి ఆమె చేతికిచ్చాను. దాన్ని ఏ కార్యాలయమూ రుజువుగా ఒప్పుకోదు. ఆ పేరేమిటో ఇక్కడ రాయను. ఈసారి వాళ్ళను అడగలేదు.