సమాధి లేని బిడ్డల తల్లులు



ఏటా నవంబరు 2న మనం మన వారి సమాధులకు సున్నం వేసి, పూలు పెట్టి, కొవ్వొత్తులు వెలిగిస్తాం. గురువులు ప్రార్థన చేసి పవిత్ర జలం చల్లుతారు. ఏడ్చినా, ఇంటికి వచ్చేసరికి మనసు కొంత తేలికపడుతుంది. మరి కొవ్వొత్తి వెలిగించడానికి సమాధే లేని తల్లి ఏం చేయాలి?

దక్షిణ అమెరికాలోని చిలీ దేశంలో అటువంటి తల్లులున్నారు. 1973 సెప్టెంబరు 11న అక్కడ సైన్యం అధికారం చేజిక్కించుకుంది. ఆ పాలనలో 3,000 మందికి పైగా హతులయ్యారు, లేదా జాడ లేకుండా పోయారు. డాక్యుమెంటరీ చిత్రాలు తీసే పాత్రీసియో గుజ్‌మాన్‌ను ఒక క్రీడా మైదానంలో దాదాపు రెండు వారాలు నిర్బంధించారు. ఆయన బ్రతికి దేశం దాటారు. ఆయనతో పనిచేసిన కెమెరామన్‌ను మాత్రం 1974లో పట్టుకుపోయారు. అతడు తిరిగి రాలేదు.

ఆ గాయాన్ని గుజ్‌మాన్ మరువలేదు. 2010లో వచ్చిన ఆయన చిత్రంలో అటకామా ఎడారి కనిపిస్తుంది. శాస్త్రజ్ఞులు పెద్ద దుర్బిణులతో నక్షత్రాలను చూస్తుంటారు. అదే ఇసుకలో కొందరు స్త్రీలు చిన్న పారలతో తమ వారి ఎముకల కోసం వెతుకుతుంటారు. ఒక సోదరికి అన్నదమ్ముని దేహంలో దక్కినవి ఒక పాదం, కొన్ని ఎముక ముక్కలు.

సమూయేలు రెండవ గ్రంథము 21వ అధ్యాయంలో రిస్పా అనే తల్లి ఉంది. ఉరితీయబడిన బిడ్డల దేహాలను పక్షులు, మృగాలు ముట్టకుండా, వాన కురిసే వరకు ఆమె బండమీద గోనెపట్ట పరచుకొని కాపలా కాసింది. వారిని అప్పగించిన దావీదు రాజే ఆ సంగతి విని కదిలిపోయి, ఎముకలను గౌరవంగా పాతిపెట్టించాడు. ఆ తల్లి కత్తి పట్టలేదు. అక్కడినుండి కదలలేదు, అంతే.

చిలీలో తిరుసభ కూడా ఆ తల్లుల ప్రక్కన నిలిచింది. కార్డినల్ రవుల్ సిల్వా హెన్రీకెస్ 1976లో శాంతియాగో అగ్రపీఠంలో బాధితుల కోసం ఒక సేవా కార్యాలయం తెరిచారు. అక్కడ న్యాయవాదులు పోయిన ప్రతి వ్యక్తి పేరు వ్రాసుకున్నారు. ఆ కాగితాలే తరువాత నిజాన్ని వెలికితీయడానికి ఆధారమయ్యాయి.

“జరిగిందేదో జరిగింది, క్షమించి మరచిపో” అని మనం ఎంత తేలికగా అంటాం! క్షమాపణ మన విశ్వాసానికి ప్రాణం. కాని క్షమించడం వేరు, నోరు మూయించడం వేరు. ఉత్థాన ప్రభువు శిష్యులకు శాంతిని ప్రసాదిస్తూనే తన గాయాలను చూపించారు. వాటిని దాచలేదు.

మీ విచారణలో అన్యాయంగా భర్తనో, బిడ్డనో పోగొట్టుకున్న ఇల్లు ఉందా? ఈ వారం అక్కడికి వెళ్లండి. ఉపదేశం చేయకండి. పోయిన వారి పేరు అడగండి, ఆమె చెప్పినంతసేపు వినండి. తరువాత ఆ పేరును దివ్యబలిపూజలో తలచుకోండి.

సిలువ చెంత నిలిచిన మరియ తల్లీ, మాకు కూడా నిలబడే ఓర్పును అడిగి ఇప్పించుము. ఆమెన్.