కాలాన్ని ఆపే శాస్త్రం ఉంటే

వీణ తీగ కంపిస్తేనే నాదం. గొంతు కంపిస్తేనే మాట. కదలకుండా పడి ఉన్న రాయిలో కూడా అణువులు లోలోపల వణుకుతూనే ఉంటాయని సైన్సు పాఠంలో చదివినాం. అప్పటినుంచి నాకొక ఊహ. ఈ కంపనాలన్నిటినీ ఐసు మాదిరి గడ్డకట్టించే శాస్త్రం ఒకటి ఉందనుకుందాం. దానికి నేను 'ఘనకంపన శాస్త్రం' అని పేరు పెట్టుకున్నాను. అది చేతిలో ఉంటే గడియారాలూ గుండెలూ అన్నీ ఒక్కసారే ఆగిపోతాయి. అప్పుడు కాలం ఆగినట్లే కదా? ఇందులో రెండు ప్రశ్నలు ఉన్నాయి. ఆపగలమా? ఆపగలిగితే, ఆపడం న్యాయమా?

మొదటి ప్రశ్న చూద్దాం. 1967 నుంచి సెకనును సీసియం అనే పరమాణువుతో నిర్ణయిస్తున్నారు. దాని నుంచి వెలువడే ఒక ప్రత్యేక తరంగం 919 కోట్ల 26 లక్షల 31 వేల 770 సార్లు కంపిస్తే ఒక సెకను. మన దేశపు సమయాన్ని చూసుకునే న్యూఢిల్లీలోని జాతీయ భౌతిక ప్రయోగశాలలో కూడా సీసియం గడియారాలే ఉన్నాయి. అంటే మనం కాలాన్ని లెక్కపెట్టేది కంపనంతోనే.

మరి పరమాణువుల్ని బాగా చల్లబరిస్తే? మైనస్ 273.15 డిగ్రీల సెల్సియస్ కంటే చల్లదనం లేదు. దాన్ని పూర్తిగా అందుకోలేం. ఎంత దగ్గరికి పోయినా చివరి వణుకు కొంచెం మిగిలే ఉంటుందట. లేజరు కాంతితో పరమాణువుల వేగం తగ్గించే పద్ధతికి 1997లో స్టీవెన్ చూ, క్లాడ్ కోహెన్ తనూజీ, విలియం ఫిలిప్స్ అనే ముగ్గురికి నోబెల్ బహుమతి వచ్చింది. దాదాపు నిలిచిపోయిన ఆ పరమాణువులతో కాలం ఆగిందా? లేదు. వాటితో ఇంకా కచ్చితమైన గడియారాలు చేసినారు! కదలిక తగ్గిస్తే కాలం ఆగలేదు సరికదా, ఇంకా బాగా లెక్కకు వచ్చింది.

ఇంకో చిక్కు కూడా ఉంది. అన్నీ ఆగిపోతే ఆపినవాడు కూడా ఆగిపోతాడు. మళ్ళీ మొదలుపెట్టేది ఎవరు? ఎంతసేపు ఆగిందో చెప్పేది ఎవరు? సంతోషాన్ని ఆపి దాచుకుందామంటే, సంతోషపడే మనసు కూడా దానితోపాటే గడ్డకడుతుంది.

అయినా మనుషులు ఏదో ఒక విధంగా కంపనాన్ని నిలుపుతూనే వచ్చినారు. 1877లో ఎడిసన్ మాటను తగరపు రేకు మీద గీతలుగా ఎక్కించినాడు. మనకు దగ్గరలోని తిరువాలంగాడులో దొరికిన కంచు నటరాజు ఇప్పుడు చెన్నై ఎగ్మూరు మ్యూజియంలో ఉన్నాడు. ఎత్తిన కాలు ఎత్తినట్లే ఉంది. ఆ శిల్పి తాండవాన్ని ఒక్క క్షణం దగ్గర ఆపినాడు. కానీ రేకును మళ్ళీ తిప్పితేనే మాట వినపడుతుంది. విగ్రహం ముందు నిలబడి ఎవరో ఒకరు చూస్తేనే మనసులో ఆ కాలు కదులుతుంది. గడ్డకట్టినదానికి కూడా ప్రాణం పోసేది బతికున్న మనిషే.

ఇక రెండో ప్రశ్న, న్యాయమా అనేది. మా వైపు కాలం ఒక చోట ఆగి ఉంటే బాగుండేది అనే పెద్దవాళ్ళు ఉన్నారు. తిరుత్తణి 1960 మార్చి 31 వరకు ఆంధ్రప్రదేశ్‌లో, చిత్తూరు జిల్లాలో ఉండేది. మరుసటి రోజు, ఏప్రిల్ 1న, సరిహద్దు మారి మద్రాసు రాష్ట్రంలోకి వచ్చింది. ఆ మార్చి 31 రాత్రి దగ్గరే కాలాన్ని గడ్డకట్టిస్తే ఎలా ఉండేది? కొందరు తెలుగువాళ్ళకు సంతోషమే. కానీ అదే ఊర్లో ఆ తెల్లవారే రోజు కోసం ఏండ్ల తరబడి పోరాడిన తమిళులు కూడా ఉన్నారు. వాళ్ళ రోజును ఆపే హక్కు మనకు ఎవరిచ్చినారు? అంతే కాదు. ఆ రాత్రి ఎక్కడో ఒక తల్లి నొప్పులు పడుతూ ఉంటుంది. ఎవరో జ్వరంతో మూలుగుతూ ఉంటారు. ఎవరో ఆకలితో పడుకుని ఉంటారు. కాలం ఆగితే వాళ్ళ బాధ కూడా ఆగిన చోటే ఉండిపోతుంది. కాలం జరగడం ఒక్కటే వాళ్ళకున్న ఆశ. మన సుఖం కోసం ఇంకొకరి కష్టాన్ని శాశ్వతం చేయడం న్యాయం కాదు.

అట్లని పోయేది పోనీ అని చేతులు కట్టుకుని కూర్చోవాలా? ఈ మాటకు జవాబు చెప్పకపోతే నా వ్యాసం సగమే. మేము ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం మాట్లాడతాం. 2006లో తమిళనాడులో వచ్చిన చట్టంతో బడుల్లో ఒకటో తరగతి మొదలుకొని, ఏటా ఒక తరగతి చొప్పున, తమిళం తప్పనిసరి పాఠం అయింది. తమిళం నేర్చుకోవడం నాకు ఇష్టమే, అది ఈ నేల భాష. కానీ తెలుగులో చదివేవాళ్ళు, రాసేవాళ్ళు తగ్గిపోతారేమో అని భయంగా ఉంటుంది. అలాంటప్పుడు ఘనకంపన శాస్త్రం నిజంగా ఉంటే బాగుండు అని నాకూ అనిపిస్తుంది.

దీనికి జవాబు నాకు మా ఇంటి వంటింట్లోనే దొరికింది. పాలను నిలువ ఉంచడానికి రెండు దారులు. ఒకటి, ఫ్రిజ్‌లో గడ్డకట్టించడం. అది తీసి కరిగించేదాకా రాయే. రెండోది, తోడు వేయడం. మా అవ్వ రోజూ రాత్రి నిన్నటి పెరుగు ఒక చుక్క ఇవాళ్టి పాలలో వేస్తుంది. తెల్లారేసరికి అది కొత్త పెరుగు, అయినా పాత పెరుగే. ఆ తోడు ఎన్ని ఏండ్ల నుంచి వస్తావుందో అవ్వకు కూడా లెక్క లేదు. "ఒక్కరోజు తోడు తీసిపెట్టకపోతే పక్కింటికి పోయి అడుక్కోవాల్సిందే" అంటుంది.

భాషను కూడా అట్లే కాపాడుకోవాలి అనుకుంటున్నాను. అవ్వ పాడే జోలపాటను నేను ఫోనులో రికార్డు చేసి పెట్టినాను, అది మంచిదే. కానీ మా చెల్లి దాన్ని నేర్చుకుని తన బొమ్మను నిద్రపుచ్చడానికి పాడుతుంది. మధ్యలో ఒక మాట మర్చిపోయి తమిళ మాట కలిపేస్తుంది. అవ్వ వింటుంది, నవ్వుతుంది, ఇంకోసారి పాడమంటుంది. ఈ పత్రిక చదివే తమ్ముళ్ళూ చెల్లెళ్ళూ, మీ ఇంట్లో పెద్దవాళ్ళకు తెలిసిన పాటో కథో సామెతో ఏదైనా ఒకటి ఈ వారం అడిగి నేర్చుకోండి. నేర్చుకుని ఊరకే ఉండకుండా మీకంటే చిన్నవాళ్ళకు చెప్పండి.