ఇప్పపూలు చాలవమ్మా



నీ ప్రేమకథ చదివాను. అడవి బాగా వచ్చింది. ఇప్పపూల వాసన, గోదావరి మీద సాయంత్రం, అన్నీ ఉన్నాయి. నీ కథానాయిక, ఆ కోయపిల్లే లేదు. నవ్వుతుంది, సిగ్గుపడుతుంది, షావుకారు కొడుకు కోసం ఎదురుచూస్తుంది. అంతకు మించి ఆమెకు పనేం పెట్టావు?

మన భద్రాద్రిలోనే నీకో గురువున్నాడు. పాల్వంచ పరగణాకు తహశీల్దారుగా చేసి, గుడి కట్టించి, గోల్కొండ ఖైదుకు పోయిన రామదాసు. రాముడు పలక్కపోతే సీతమ్మను బతిమాలుకున్నాడు, మీరిద్దరే ఉన్న వేళ నా సంగతి ఆయన చెవిన వెయ్యమ్మా అని. తహశీల్దారు కదా, ఏ అర్జీ ఎవరి చేత పెట్టించాలో తెలిసినవాడు! ఆమె మాట ఆయన కాదనడని అతనికున్న ధీమా చూడు. వాళ్ళ ప్రేమ ఎంతటిదో దానితోనే తెలిసిపోతుంది.

నీ కథలో ఆ పిల్ల మాట ఎవరు వింటారు? వేసవిలో ఆమె తెల్లారకముందే తునికాకుకు పోతుంది. 50 ఆకులకో కట్ట కట్టి, పొద్దుగూకేలోగా ఆకు కొనే కల్లానికి చేరుస్తుంది. కట్ట బాగాలేదని కల్లేదారు పక్కన పడేస్తే ఏమంటుంది? నీ షావుకారు కొడుకు అక్కడే ఉంటే ఎవరి పక్షం మాట్లాడతాడు? ఆ ఘట్టం రాయి, వెన్నెల పేజీలన్నీ కొట్టెయ్యొచ్చు. అన్నట్టు, ఇంట్లో ఆమెది కోయ మాట. అతనికి రెండు ముక్కలైనా వచ్చా?

అసలు సంగతి భూమి. 1970 నాటి ఒకటో నంబరు రెగ్యులేషన్, మనవాళ్ళు వన్ ఆఫ్ సెవెంటీ అనేది, ఏజెన్సీలో గిరిజనేతరుణ్ణి తన పేర భూమి కొననివ్వదు. అందుకే బయటి కుర్రాడు కోయపిల్లను చేసుకుంటానంటే, గూడెం పెద్దలకు ముందు గుర్తొచ్చేది ఆమె అయ్య పేరనున్న పట్టా. ఆ భూమి కోసమే వచ్చాడేమోనన్న అనుమానం ఆమెకూ ఉండాలి. అది తీర్చడానికి అతను ఏం వదులుకుంటాడు? ఏమీ వదులుకోడనుకో, అదీ కథే. ఆ ఊసెత్తకుండా పెళ్ళిదాకా లాక్కుపోతే మాత్రం తెలిసి దాచినట్టే. ఈ గడ్డ మీద పుట్టినదానివి, తెలియదనలేవు.

ఈ కథను కథల పోటీకి ఇప్పుడే పంపకు. ఈ వేసవిలో కల్లం దగ్గర కూర్చుని, ఆడవాళ్ళు ఏం మాట్లాడుకుంటారో విను. వాళ్ళ ముందు నోటుబుక్కు తియ్యకు. తర్వాత ఆ పిల్ల చేత అతన్ని భూమి సంగతి అడిగించు. అతను ఏం చెప్పాడో నాకు రాయి.

మీ మామయ్య