కొన్నది ఎవరిది?



మీ ఇంట్లో ఇంటర్మీడియట్ చదివే అబ్బాయో అమ్మాయో ఉంటే ఇటువంటి ప్రశ్న ఎప్పుడో ఒకప్పుడు ఎదురుకాక తప్పదు. "డబ్బు కట్టి కొన్న ఆట నాది కాదట నాన్నా! మరి నేను కొన్నదేమిటి?" కంప్యూటర్ ఆటల గొడవ మనకెందుకులే అని దాన్ని తోసిపుచ్చకండి. పిల్లలు అడిగింది చాలా పాత ప్రశ్న. ఒక వస్తువు 'నాది' అంటే అర్థమేమిటి? అమ్మేవాడు ఏ మాట చెప్పి అమ్మాలి? ఈ ప్రశ్నలు పవిత్ర గ్రంథంలో ఉన్నాయి, శ్రీసభ బోధనలో ఉన్నాయి, మన పొలం గట్ల మీద కూడా ఉన్నాయి.

ముందు సంగతి ఏమిటో తెలుసుకుందాం. ఒకప్పుడు ఆట అంటే డబ్బాలో వచ్చే డిస్కు. డబ్బిచ్చి ఇంటికి తెచ్చుకుంటే అది మీదే. ఆడిన తరువాత తమ్ముడికి ఇవ్వవచ్చు, స్నేహితుడికి అరువివ్వవచ్చు, సగం ధరకు అమ్ముకోవచ్చు. పుస్తకాల విషయంలోనూ అంతే. ఒకసారి అమ్మిన పుస్తకాన్ని కొన్నవారు తిరిగి ఏ ధరకు అమ్ముకోవాలో ప్రచురణకర్త శాసించలేడని అమెరికా సుప్రీం కోర్టు 1908లోనే తీర్పు చెప్పింది.

2003లో వాల్వ్ అనే అమెరికా కంపెనీ 'స్టీమ్' అనే ఏర్పాటును ప్రారంభించింది. మరుసటి సంవత్సరం ఆ కంపెనీ విడుదల చేసిన 'హాఫ్ లైఫ్ 2' అనే ఆటను డిస్కుగా కొన్నవారు కూడా స్టీమ్‌లో తమ పేరిట ఖాతా తెరిచి, ఆటను ఆ ఖాతాకు ముడివేస్తే తప్ప ఆడలేకపోయారు. క్రమంగా ఇతర కంపెనీలూ ఈ దారినే పట్టాయి. మీరు 'కొనండి' అనే బొత్తాం నొక్కి డబ్బు చెల్లిస్తారు. కానీ ఒప్పందం చదివితే, మీకు అమ్మింది ఆట కాదనీ, ఆడుకోవడానికి లైసెన్సు, అంటే అనుమతి, మాత్రమే ఇచ్చారనీ తెలుస్తుంది. ఆ ఖాతాను అమ్మకూడదు. మరొకరి పేరు మీదికి మార్చకూడదు. ఒక ఇంటివారు ఆటలను పంచుకోవడానికి 2024లో స్టీమ్ ఒక సదుపాయం కల్పించింది. ఒకే ఇంటిలో ఆరుగురి వరకు అందులో చేరవచ్చు. మంచిదే. అయితే అది కంపెనీ ఇచ్చిన వెసులుబాటే కాని, కొన్నవారి హక్కు కాదు.

రైతు కుటుంబాలవారికి ఇది సులభంగా అర్థమవుతుంది. పట్టా భూమి వేరు, కౌలు భూమి వేరు. కౌలుకు తీసుకోవడంలో తప్పు లేదు, కౌలుకు ఇవ్వడంలోనూ తప్పు లేదు. ఎన్నేళ్లకో, ఎంతకో ముందే మాట్లాడుకుంటారు. కానీ ఒక ఆసామి "ఈ చేను నీకు అమ్ముతున్నాను" అని చెప్పి, అమ్మకం ధర పుచ్చుకొని, కాగితం చివర చిన్న అక్షరాలతో "నాకు ఇష్టమైనప్పుడు తిరిగి తీసుకుంటాను" అని రాస్తే, ఊరి పెద్దలు దాన్ని ఏమంటారు?

ఇది ఊహించి చెబుతున్నది కాదు. 'ది క్రూ' అనే కార్ల పందెం ఆటను ఫ్రాన్సు దేశానికి చెందిన యుబిసాఫ్ట్ కంపెనీ 2014 డిసెంబరులో విడుదల చేసింది. ఒంటరిగా ఆడుకున్నా సరే, కంపెనీ సర్వరుతో ఇంటర్నెట్ ద్వారా కలిసి ఉండాలన్నది దాని నిర్మాణం. 2024 మార్చి 31న కంపెనీ ఆ సర్వర్లను ఆపివేసింది. ఆ రోజుతో ఆట అందరికీ ఆగిపోయింది. డిస్కు కొని బీరువాలో భద్రంగా దాచుకున్నవారికి కూడా అది పనికిరాని ప్లాస్టిక్కు బిళ్లగానే మిగిలింది. కొద్ది రోజులకు చాలామంది ఖాతాల నుండి ఆ ఆట లైసెన్సునే తొలగించారు.

పుస్తకాల విషయంలోనూ ఇటువంటిది జరిగింది. 2009 జులైలో అమెజాన్ సంస్థ కొందరు పాఠకుల కిండిల్ యంత్రాలలో నుండి, వారు డబ్బిచ్చి కొన్న జార్జ్ ఆర్వెల్ పుస్తకాలను వారికి చెప్పకుండానే తొలగించింది. వాటిని అమ్మకానికి పెట్టినవారికి ఆ హక్కు లేదన్నది కారణం. డబ్బు తిరిగి ఇచ్చారు, తరువాత క్షమాపణ కూడా చెప్పారు. అయినా ఆలోచించండి. పుస్తకాల దుకాణంవాడు రాత్రివేళ మన ఇంట్లోకి వచ్చి, అలమరలోని పుస్తకం తీసుకొని, బల్ల మీద డబ్బు పెట్టి పోతే మనం ఊరుకుంటామా?

దీనిపై పవిత్ర గ్రంథం ఏమంటుంది? లేవీయ కాండము 25వ అధ్యాయం తెరిచి చూడండి. భూమి దేవునిది కనుక ఇశ్రాయేలీయులు దాన్ని శాశ్వతంగా అమ్మకూడదు. యాభైయవ సంవత్సరమైన జూబిలీ నాడు భూమి తిరిగి మొదటి కుటుంబానికే చేరాలి. అంటే వారి మధ్య జరిగే ప్రతి భూమి అమ్మకమూ నిజానికి కొంతకాలపు అనుభవమే. మరి ధర ఎలా కట్టాలి? జూబిలీకి ఎన్ని పంటలు మిగిలి ఉన్నాయో లెక్కించి, ఎక్కువ పంటలు ఉంటే ఎక్కువ, తక్కువ పంటలు ఉంటే తక్కువ కట్టాలి. అమ్ముతున్నది నిజానికి పంటల సంఖ్యనే అని గ్రంథం వివరించి, ఒకరినొకరు మోసగించుకోవద్దని ఆ చోటనే హెచ్చరిస్తుంది.

ఎంత చక్కని న్యాయం! కొంతకాలానికే ఇవ్వడం పాపమని దేవుడు అనలేదు. ఆ కాలం ఎంతో ఇద్దరికీ తెలియాలి, ధర దానికి తగినట్లు ఉండాలి అన్నాడు. 'ది క్రూ' కొన్నవారికి ఎన్ని పంటలు మిగిలి ఉన్నాయో ఎవరు చెప్పారు? పునీత తోమాసు అక్వినాసు గారు కూడా కొనుగోలు అమ్మకాల గురించి రాస్తూ, కొనేవానికి నష్టం కలిగించే లోపం పైకి కనబడకుండా ఉన్నప్పుడు దాన్ని తెలియజేయవలసిన బాధ్యత అమ్మేవానిదే అని బోధించారు. 'చదివి చూసుకోవలసింది' అని తప్పించుకోవడం ఆయన చెప్పిన న్యాయానికి సరిపడదు.

లోకపు చట్టాలు ఇప్పుడిప్పుడే ఈ దారికి వస్తున్నాయి. అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రంలో 2025 జనవరి 1 నుండి ఒక చట్టం అమలులోకి వచ్చింది. ఇచ్చేది లైసెన్సు మాత్రమే అయినప్పుడు, ఆ సంగతి స్పష్టంగా తెలపకుండా 'కొనండి' అనే మాట వాడకూడదని దాని సారాంశం. యూరపులో 2024లో మొదలైన 'స్టాప్ కిల్లింగ్ గేమ్స్' ఉద్యమం, 2025 జులై చివర గడువు ముగిసేనాటికి 10 లక్షలకు పైగా సంతకాలు సేకరించింది. కలకాలం సర్వర్లు నడపమని వారు అడగడం లేదు. నడపడం మానుకునే రోజున, కొన్నవారు ఎలాగో ఒకలాగు ఆడుకోగలిగే స్థితిలో ఆటను వదిలిపెట్టమని అడుగుతున్నారు.

కంపెనీల వైపు మాట కూడా న్యాయంగా వినాలి. సర్వర్లు నడపడానికి ఖర్చు అవుతుంది. డిస్కు గీతలు పడితే పోయినట్టే, ఖాతాలోని ఆటను కొత్త కంప్యూటరులోకి మళ్లీ దింపుకోవచ్చు. మంచి ఉదాహరణలూ లేకపోలేదు. 2024 ఆగస్టులో సోనీ సంస్థ విడుదల చేసిన 'కాంకార్డ్' అనే ఆట జనాదరణ పొందక రెండు వారాలకే మూతబడితే, కొన్నవారికి డబ్బు తిరిగి ఇచ్చారు. పోలండు దేశపు సీడీ ప్రాజెక్ట్ సంస్థ 2008లో ప్రారంభించిన 'గాగ్' అనే దుకాణం, తాళాలు లేని ఆటలను అమ్ముతూ వస్తున్నది. అటువంటి ఆటను ఒకసారి దింపుకొని దాచుకుంటే, తరువాత కంపెనీ ఉన్నా లేకున్నా ఆడుకోవచ్చు. మనసుంటే మార్గం ఉంటుందనడానికి ఇదే సాక్ష్యం.

ఇక్కడ భక్తిగల పాఠకులు ఒక అభ్యంతరం చెప్పవచ్చు. "సర్వమూ దేవునిదే కదా. మనమందరం ఈ లోకంలో కౌలుదారులమే. అటువంటప్పుడు ఆట నాది, నాది అని కొట్లాడటం క్రైస్తవునికి తగునా?" మంచి ప్రశ్న. శ్రీసభ చరిత్రలో దీనికి దగ్గరి సంగతి ఒకటి ఉంది. అస్సీసిపుర పునీత ఫ్రాన్సిసు గారి శిష్యులు ఏ ఆస్తీ లేకుండా జీవించాలనుకున్నారు. 1279లో 3వ నికోలాసు పోపుగారు, వారు వాడుకొనే వస్తువుల యాజమాన్యం పరిశుద్ధ పీఠానిదనీ, సన్యాసులకు వాడుక మాత్రమే ఉంటుందనీ నిర్ణయించారు. కానీ 1322లో 22వ యోహాను పోపుగారు దీన్ని ఒప్పుకోలేదు. రొట్టె తిన్నవాడు రొట్టెను లేకుండా చేస్తాడు, ఇక దాని యజమాని వేరొకరు అనడంలో అర్థమేమిటి, ఏ ప్రయోజనమూ లేని యాజమాన్యం పేరుకు మాత్రమే యాజమాన్యం కదా అని ఆయన వాదన. ఆ వివాదం చాలాకాలం నడిచింది.

ఆ వివాదంలో ఎవరి పక్షం వహించినా, ఒక సంగతి మాత్రం స్పష్టం. ఆ సన్యాసులు తెలిసి, కోరి, దేవుని ప్రేమ కొరకు ఆస్తిని వదులుకున్నారు. 'కొనండి' అనే మాట చూసి జేబు ఖర్చు కూడబెట్టి చెల్లించిన పిల్లవాడు ఏమీ వదులుకోలేదు, అతనికి తెలియకుండా తీసివేయబడింది. అది పేదరికపు వ్రతం కాదు. భూమి దేవునిదని చెప్పిన లేవీయ కాండమే పంటలు లెక్కపెట్టి ధర కట్టమన్నది. దేవుని యాజమాన్యం కంపెనీ యాజమాన్యానికి సాకు కాజాలదు.

పైగా, ఆస్తి మనకు ఎందుకు? 1891లో 13వ లియో పోపుగారు 'రేరుం నొవారుం' విశ్వలేఖలో కార్మికుని గురించి రాస్తూ, అతడు మిగుల్చుకున్న కూలితో కొన్న భూమి మరో రూపంలో ఉన్న అతని కూలియే అనీ, దాన్ని తన ఇష్టప్రకారం వినియోగించుకోగలగడంలోనే సొంతదనం ఉందనీ బోధించారు. అక్వినాసు గారు మరో మాట కలిపారు. సంపాదించడానికి, నిర్వహించడానికి వస్తువు ఒకరి సొంతం కావచ్చు, కానీ వాడుకలో దాన్ని అందరిదిగా ఎంచి, అవసరంలో ఉన్నవారికి ఇవ్వడానికి సిద్ధంగా ఉండాలి. అంటే సొంతదనం ఇవ్వడం కొరకే. రెండు అంగీలు ఉన్నవాడు ఒకటి లేనివానికి ఇవ్వాలని బప్తిస్మ యోహాను గారు చెప్పారు. ఆ అంగీ ఒంటికి తాళం వేసి ఉంటే ఎలా ఇస్తాడు? అన్న ఆడి ముగించిన ఆటను పక్కింటి పేద పిల్లవానికి ఇవ్వలేడు. తండ్రి మరణిస్తే, ఆ ఖాతాను బిడ్డకు వీలునామాలో రాసి ఇవ్వడానికి ఒప్పందం అంగీకరించదు. కాబట్టి పోయింది వినోదం ఒక్కటే కాదు. దానం చేసే అవకాశం కూడా పోయింది. తల్లిదండ్రులు ఆలోచించవలసింది దీని గురించి.

ఇక యువతీయువకులకు ఒక మాట. "కొనడం సొంతం చేసుకోవడం కానప్పుడు, దొంగ కాపీ తీసుకోవడం దొంగతనం కాదు" అనే వాదన మీ స్నేహితుల మధ్య వినబడుతుంది. మాట పదునుగా ఉంది కాని న్యాయం లేదు. కౌలు కాగితంలో మోసం చేసిన ఆసామి చేనుకు నిప్పు పెట్టే హక్కు కౌలుదారునికి రాదు. ఒక ఆట వెనుక వందలమంది చిత్రకారులు, సంగీతకారులు, ప్రోగ్రామర్లు పనిచేస్తారు. వారి కూలి ఎగ్గొట్టడం ఏడవ దైవాజ్ఞకు విరుద్ధమే. అయితే పూర్తి ధర చెల్లించి, ఆట చేజారిపోయినవాడు తనకు న్యాయం చేయమని అడగడం వేరు, ఒక్క రూపాయి చెల్లించనివాడు ఆ బాధను అడ్డం పెట్టుకొని ఉచితంగా తీసుకోవడం వేరు. మొదటివాడు చట్టం ద్వారా, సంతకాల ద్వారా, కొనకుండా ఉండటం ద్వారా పోరాడవచ్చు. రెండవవాడు అన్యాయానికి అన్యాయం కలుపుతున్నాడు.

చివరగా కుటుంబాలకు. ఈ వారం కుటుంబ ప్రార్థన ముగిశాక పిల్లలను కూర్చోబెట్టి అడగండి. కొనబోయే ఆట ఇంటర్నెట్ లేకుండా నడుస్తుందా? ఖాతా ఎవరి పేరిట ఉంది? నచ్చకపోతే ఎన్ని రోజులలోపు డబ్బు తిరిగి ఇస్తారు? తాళం లేకుండా అదే ఆట మరొకచోట దొరుకుతుందా? కౌలే అయితే, కౌలుకు తగిన ధరే చెల్లిస్తున్నామా? ఈ ప్రశ్నలు అడిగే పిల్లలు రేపు పెద్దవారై దుకాణం పెట్టినా, ఇల్లు అద్దెకిచ్చినా, కంపెనీలో కూర్చొని ఒప్పందాలు రాసినా, ఎదుటివానికి ఎన్ని పంటలు మిగిలి ఉన్నాయో ముందే చెబుతారు. అటువంటి మనుషులు ప్రతి విచారణలోనూ కావాలి.