విచారణ ముందా, యుద్ధం ముందా?

దివ్య ఖుర్‌ఆన్‌లోని సూరె హుజురాత్ 6వ ఆయతును మనం చాడీలకు, ఇరుగుపొరుగు తగాదాలకే అన్వయించుకుంటూ ఉంటాం. కాని చాలామంది వ్యాఖ్యాతల ప్రకారం అది అవతరించిన సందర్భం వేరు. ఒక తెగ మీదికి సైన్యాన్ని పంపాలా, వద్దా అన్న ప్రశ్న అది.

దైవప్రవక్త (స) బనూ ముస్తలిఖ్ తెగ నుంచి జకాత్ తీసుకురమ్మని వలీద్ బిన్ ఉఖ్బాను పంపారు. స్వాగతం పలకడానికి తెగవారు గుంపుగా ఎదురొచ్చారు. పాత వైరం గుర్తొచ్చి వలీద్ భయపడ్డారు. దారిలోనే వెనుదిరిగి, వారు జకాత్ నిరాకరించారని, తనను చంపబోయారని చెప్పారు. అయినా ప్రవక్త (స) వెంటనే దాడికి ఆదేశించలేదు. హజ్రత్ ఖాలిద్ (రజి)ను పంపి, తొందరపడవద్దని తాకీదు చేశారని ఒక ఉల్లేఖనం. రాత్రివేళ ఖాలిద్ (రజి) మనుషులు వెళ్ళి చెవియొగ్గితే వారికి వినిపించింది అజాన్!

గమనించండి. వచ్చిన వార్తను కొట్టిపారేయమని ఆయతు అనలేదు, విచారించమంది. లేకుంటే తెలియక ఒక జనసమూహానికి హాని చేసి, ఆ తర్వాత పశ్చాత్తాపపడవలసి వస్తుందని హెచ్చరించింది.

ఇక 2003 సంగతి చూద్దాం. ఫిబ్రవరి 5న అమెరికా విదేశాంగ మంత్రి కోలిన్ పావెల్ ఐక్యరాజ్యసమితి భద్రతా మండలిలో ఇరాక్‌పై అభియోగాలు చదివారు. లారీల మీద తిరిగే జీవాయుధ ప్రయోగశాలలున్నాయన్న మాటకు ప్రధాన ఆధారం జర్మనీలో తలదాచుకున్న ఒక ఇరాకీ. విచారణాధికారులు లేరా అంటే, ఉన్నారు! ఐక్యరాజ్యసమితి తనిఖీ బృందం 2002 నవంబరు నుంచి ఇరాక్‌లోనే పనిచేస్తోంది. తమకు ఏళ్ళు అక్కర్లేదు, కొన్ని నెలలు కావాలని దాని అధిపతి హాన్స్ బ్లిక్స్ మార్చి 7న చెప్పారు. గడువు దొరకలేదు. మార్చి 18న తనిఖీదారులు వెళ్ళిపోయారు, 20న బాంబులు పడ్డాయి. ఆయుధ నిల్వలేవీ లేవని 2004లో అమెరికా సొంత బృందమే తేల్చింది. ఆ ప్రసంగం తన జీవితంలో మచ్చగా మిగిలిపోతుందని పావెల్ 2005లో ఒప్పుకున్నారు. తాను అబద్ధమాడానని ఆ ఇరాకీ 2011లో అంగీకరించాడు.

అనుమానానికి అసలు కారణమే లేదని మనం అనలేం. 1988లో సద్దాం సైన్యం హలబ్జాలో రసాయన ఆయుధాలతో వేలమందిని చంపింది. చనిపోయినవారు కుర్దు ముస్లింలే. వలీద్ భయానికీ పాత వైరమనే కారణం ఉంది కదా! అయినా దర్యాప్తు జరిగింది.

2003లో మనలో ఎందరో సద్దాంను ఇస్లాం వీరుడని కొనియాడాము. హలబ్జా గురించి ఒక్కమాటైనా విచారించామా?