ఓటమి యను గౌరవము

రోహిణీకార్తెలో రెంటచింతలయందు కూర్చుండి మంచుగడ్డపై నాడు ఆటను గూర్చి చింతించుట చూచువారికి వింతగ తోపవచ్చును. వేసవి వచ్చినదనగనే పత్రికలలోని ఎండల పట్టికయందు పేరెక్కుటయే లోకములో మా యూరికి గల ముఖ్యమైన ప్రఖ్యాతి. పగలంతయు కాగిన నాపరాతి యరుగు నడిరేయికి గాని మనుష్యుని దరిజేరనీయదు. ఐనను, దూరమున నున్నవాడు ఒక్కొక్కప్పుడు దగ్గరివానికంటె స్థిమితముగ ఆలోచింపగలడను ధైర్యముతో, స్లెడ్జ్ హాకీని గూర్చి నాకు తోచిన మాట యొకటి చెప్పబూనితిని.

1961లో స్టాక్‌హోమ్ నగరములోని యొక పునరావాస కేంద్రమున, కాళ్లు వశముతప్పినను హాకీని వదలుకొనుటకు మనసొప్పని కొందరు, రెండు స్కేటు బ్లేడులపై లోహపు చట్రము నొకదానిని నిలిపి, దానిపై కూర్చుండి ఆడ నారంభించిరి. పక్ అనబడు రబ్బరు బిళ్ల క్రిందనుండి దూరిపోవునంత ఎత్తున ఆ చట్ర మమరియుండును. ఆటగాని రెండు చేతులందును రెండు పొట్టి కర్రలు. ఒక కొనయందలి ములుకులు మంచులో గ్రుచ్చి బండిని నెట్టుకొనుటకు, రెండవ కొన బిళ్లను కొట్టుటకు. పరుగును ప్రహారమును ఒకే భుజముల పని యగుటచే, ఆ భుజములకు విశ్రాంతి యన్నది లేదు. శరీరములు ఢీకొనుట న్యాయమే. బండి ముక్కుతో ఎదుటివాని ప్రక్కను నేరుగ పొడుచుట మాత్రము దోషము. 1994లో లిల్లెహామర్ పారాలింపిక్స్‌కెక్కి, 2016లో పారా ఐస్ హాకీ యని పేరు మార్చుకొన్న యీ యాటలో నియమమునకు చోటున్నది గాని దయకు చోటులేదు. దానిని నేను మిక్కిలి మెచ్చుకొందును.

కెనడా దేశీయుడైన గ్రెగ్ వెస్ట్‌లేక్ క్రీడాజీవితమును చూడుడు. పదునెనిమిది నెలల పసిప్రాయమున మోకాళ్ల క్రింద రెండు కాళ్లను తొలగింపవలసివచ్చిన యీతడు, ఇరువదియేండ్లు నిండకమునుపే, 2006లో టురిన్‌లో స్వర్ణపతకము ధరించెను. శిఖరము మొదటనే వచ్చినది. అటుపిమ్మట 2010లో స్వదేశమునందలి వాంకూవర్‌లో నాలుగవ స్థానము. 2014లో సోచీలో కాంస్యము. 2018లో ప్యాంగ్‌చాంగ్‌లో, తాను నాయకుడై యుండగా, రజతము. ఆ తుదిపోరులో కెనడా ఒక గోలు ఆధిక్యముతో నుండి, ఆట ముగియుటకు నిమిషమైన లేనివేళ, గోలీ లేని ఖాళీ గోలునకు వారు కొట్టిన బిళ్ల కంబమునకు తగిలి వెనుదిరుగగా, అమెరికావాడైన డెక్లన్ ఫార్మర్ నలువది సెకనులలోపు మిగిలియుండగనే సమముచేసి, అదనపు సమయములో తానే గెలుపు గోలునుగూడ సాధించెను. 2022లో బీజింగ్‌లో మరల తుదిపోరు, మరల అమెరికాయే, మరల రజతము. పదునారు సంవత్సరములు ఒకడు తన యౌవనారంభమున చేతికందినదానికై వెదకుచుండెనన్నమాట!

ఇట్టివానిని గూర్చి వినినంతనే మనలో పదిమందికి తొమ్మండుగురు కాళ్ల సంగతి తలచి, ‘అయ్యో, ఎంత ధైర్యము!’ అందురు. ఆ మాటలో ఆదరమున్నది, కాదనను. కాని స్వర్ణమునకును నాలుగవ స్థానమునకును ఒకటే మెప్పు నిచ్చువాడు, ఆ రెంటి నడుమ ఆటగాడు పడిన వేదనను లెక్కలోనికి తీసికొననివాడే. కంబమునకు తగిలిన యా బిళ్ల వానిని ఎన్ని రాత్రులు నిద్రపోనీయలేదో, వాని జన్మవైకల్యము అన్ని రాత్రులు బాధించియుండదని నా ఊహ.

ఓటమిని గౌరవించు విద్య మా పల్నాటివారికి ఒకరు నేర్పనక్కరలేదు. కార్తికామావాస్యకు కారెంపూడిలో మేము ఆయుధములకు పూజసలిపి తలచుకొను వీరులు పల్నాటి యుద్ధమున కూలినవారు. వారిలో బాలచంద్రుడు గెలిచివచ్చి యేలినవాడు కాడు. అయినను ఆ పూజ విమర్శకు నోరు మూయలేదు: కోడిపందెమున రాజ్యమునొడ్డిన మాచెర్ల మంత్రి బ్రహ్మనాయుని వివేకమును గూర్చి ఇక్కడివారు ఇప్పటికిని వాదులాడుదురు. చేతులు జోడించుటయు, తప్పెంచుటయు, ఒకే మర్యాదకు రెండు ముఖములు.

మరి మన ఉమ్మడి గుంటూరు మండలమున పుట్టిన ఇల్లూరి అజయ్‌కుమార్ రెడ్డి విషయములో ఆ మర్యాద యేమైనది? అంధుల క్రికెట్‌లో భారతజట్టునకు నాయకుడై 2017లో టీ-20 ప్రపంచకప్పును, 2018లో షార్జాలో వన్‌డే కప్పును, 2022లో మరల టీ-20 కప్పును గెలిపించి, 2023 సంవత్సరపు అర్జున పురస్కారము నందిన యాయన పేరు చెప్పినచో, మనవారు మొదట అడుగునది చూపెంత యని. గలగలలాడు బంతిని, పిచ్ సగము దాటకమునుపే నేలను తాకునట్లు చేయి క్రిందుగా విసరు నియమమునందు గల నేర్పును గూర్చి గాని, పూర్తిగ చూపులేనివాడు తీసిన ప్రతి పరుగును రెండుగా లెక్కించు పద్ధతి వలన నాయకుని వ్యూహ మెట్లు మారునను విషయమును గూర్చి గాని అడుగువాడు అరుదు.

2023 ఆగస్టులో బర్మింగ్‌హామ్‌లో జరిగిన అంధుల ప్రపంచ క్రీడలలో భారత పురుషుల క్రికెట్ జట్టు తుదిపోరున పాకిస్తాన్‌కు ఓడెను; మా వీధి టీకొట్టులో ఒక్కని నోటను ఒక్క తిట్టైన పుట్టలేదు. అదే యేడు నవంబరులో అహమ్మదాబాద్‌లో ప్రపంచకప్పు తుదిపోరున ఆస్ట్రేలియాకు ఓడిన చూపుగలవారి జట్టును గూర్చి ప్రతి ఓవరును విప్పి, ప్రతి షాటును తూచి, సంక్రాంతి దాకను తగవులాడితిమి. మొదటిది క్షమ యని నేననను. అది ఉపేక్ష.

కావున పాఠకులకు నా విన్నపమిది. ఈసారి అంధుల జట్టు ఓడినచో మొగమాటపడక నాయకుని విమర్శింపుడు, బౌలరును నిలదీయుడు. అంతకుమునుపు నాలుగు ఓవర్లయినను ఆట చూడుడు.