తేదీ నోటికొచ్చే ముందు

అల్లుడూ,

మొన్న రాత్రి పదకొండింటికి మీ అమ్మ ఫోన్ చేసింది. "వాడింకా ఆఫీసులోనే ఉన్నాడు వదినా, శుక్రవారానికి ఏదో ఇచ్చేయాలట" అని ఒకటే దిగులు. నీకు చేసి "ఆ శుక్రవారం ఎవరు పెట్టార్రా?" అని అడిగితే, "నేనే చెప్పానత్తా" అన్నావు. ఆ మాట విన్నాకే ఈ ఉత్తరం రాయాలనిపించింది.

ఇరవై ఆరేళ్ళు ఇదే సాఫ్ట్‌వేర్ పని చేసి రిటైరైనదాన్ని. తప్పుడు తేదీలు నీకంటే ఎక్కువే చెప్పాను. ఒకసారి ఖాతాదారుల ఫారంలో పుట్టినతేదీ గడి ఒకటి చేర్చమన్నారు. "ఎంతసేపు, సాయంత్రానికి ఇచ్చేస్తా" అన్నాను. స్క్రీన్ మీద గడి పెట్టడానికి నిజంగానే నలభై నిమిషాలు పట్టింది. ఆ తర్వాత మొదలైంది అసలు కథ. టేబుల్లో కాలమ్ చేర్చడానికి డేటాబేస్ వాళ్ళు ఒప్పుకోవడానికి రెండు రోజులు. పాత రికార్డుల్లో తేదీ ఖాళీగా ఉంటే రిపోర్టు అక్కడే ఆగిపోయింది. ఒక బ్రాంచి నుంచి వచ్చిన ఫైల్లో రోజు ముందు, ఇంకో బ్రాంచి ఫైల్లో నెల ముందు. 03/04 అంటే ఏప్రిల్ మూడా, మార్చి నాలుగా? ఎవర్నడిగినా తల గోక్కున్నారు. కోడ్ చూడాల్సిన ఆయన సెలవులో ఉన్నాడు. టెస్టింగ్ వాళ్ళ దగ్గర నాకంటే ముందు నలుగురున్నారు. లైవ్‌లో పెట్టాలంటే శనివారం రాత్రి తప్ప వీల్లేదు. సాయంత్రానికన్న పని పదకొండు పనిదినాలకి తేలింది. నేనేమీ అబద్ధం చెప్పలేదురా. కీబోర్డు మీద నా వేళ్ళాడేంత సేపునే పని అనుకున్నాను.

ఐబీఎం ఓఎస్/360 తయారీని నడిపించిన ఫ్రెడ్ బ్రూక్స్ 1975లో 'ది మిథికల్ మ్యాన్-మంత్' అని ఒక పుస్తకం వేశాడు. ఆయన లెక్కలో మొత్తం కాలంలో మూడో వంతు ప్లానింగుకి, ఆరో వంతు కోడ్ రాయడానికి, మిగిలిన సగమూ టెస్టింగుకే. మనం ఆ ఆరో వంతుని చూసుకుని తేదీ చెప్పేస్తాం. ఆలస్యమైన పనిలోకి కొత్తవాళ్ళని దింపితే మరింత ఆలస్యమవుతుందన్నదీ ఆయనే. కాబట్టి చివర్లో ఇద్దర్ని తెచ్చుకుందాంలే అనే ధైర్యమూ పెట్టుకోకు.

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అని మన పెద్దవాళ్ళు ఊరికే అనలేదు. అయినా మేస్త్రి "ఆర్నెల్లమ్మా" అంటే నమ్మేస్తాం. పక్కింటివాళ్ళకి ఏడాదిన్నర పట్టడం కళ్ళారా చూసి కూడా, వాళ్ళ సంగతి వేరు అనుకుంటాం. తర్వాత నోబెల్ అందుకున్న డేనియల్ కానమన్ అంతటివాడికీ ఇదే అయింది. ఇజ్రాయెల్‌లో హైస్కూలు పిల్లలకి ఒక పాఠ్యపుస్తకం రాయడానికి ఆయనా ఇంకొందరూ కలిసి కూర్చున్నారు. ఎన్నాళ్ళు పడుతుందో ఎవరికి వాళ్ళు చీటీ మీద రాయమంటే, అందరూ రెండేళ్ళకి కాస్త అటూ ఇటూగా రాశారు. ఆ పనిలో ఆరితేరిన ఒకాయన్ని, ఇదివరకు ఇలాంటివాళ్ళకి ఎంత పట్టిందని కానమన్ అడిగాడు. పదింట నాలుగు బృందాలు మధ్యలోనే వదిలేశాయి, పూర్తి చేసినవాటికి ఏడు నుంచి పదేళ్ళు పట్టింది అన్నాడాయన. ఇంత తెలిసిన మనిషీ తన చీటీ మీద రెండేళ్ళ లెక్కే వేశాడు! చివరికి ఆ పుస్తకానికి ఎనిమిదేళ్ళు పట్టింది.

అందుకని నీకొక పని చెప్తాను. రెండు వందల పేజీల నోటుబుక్కు ఒకటి కొనుక్కో. ప్రతి పనికీ నువ్వు చెప్పిన రోజులు ఓ పక్కన, పట్టిన రోజులు ఇంకో పక్కన రాయి. ఎవరికీ చూపించక్కర్లేదు. ఓ ఇరవై పనులయ్యాక నీ లెక్క ఎంత తప్పుతోందో నీకే తెలుస్తుంది. నాకైతే రెండున్నర రెట్లని తేలింది. అప్పట్నుంచి మనసుకి తోచిన అంకె మీద కంటే ఆ పుస్తకం మీదే ఎక్కువ భరోసా పెట్టుకున్నాను.

మీటింగులో అందరి ముందూ "ఎన్ని రోజులు?" అంటే అక్కడికక్కడే చెప్పకు. "రేపు మధ్యాహ్నానికి చెప్తాను" అను, చిన్నతనమేమీ కాదు. ఏం కావాలో వాళ్ళకే తేలకముందు తేదీ అడిగితే, అది ఆలూ లేదు చూలూ లేదు కొడుకు పేరు సోమలింగం బాపతు. తెలియని ముక్క ఉంటే, రెండు రోజులు తవ్వి చూసి అప్పుడు చెప్తానను. చెప్పేటప్పుడు ఒక్క తేదీ చెప్పకు, "పది నుంచి పదిహేను రోజులు" అను. "ఐదు రోజుల్లో అవ్వదా?" అని బేరం పెడతారు. వంకాయల ధర తగ్గించినట్టు రోజులు తగ్గించకు. ఐదు రోజులే ఉన్నాయంటే ఏ పని వదిలేద్దామో వాళ్ళనే అడుగు. ఆలస్యమయ్యేలా ఉందని నీకు మంగళవారం తెలిస్తే మంగళవారమే చెప్పెయ్. గురువారం రాత్రి దాకా దాచితే తిట్లు రెట్టింపు.

మా వీధి చివర టైలరున్నాడు. జాకెట్టు గుడ్డ ఇచ్చి ఎప్పుడిస్తావయ్యా అంటే, నా గుడ్డ వంకైనా చూడడు. వెనక్కి తిరిగి అరలో చీటీలు గుచ్చిన మూటలు లెక్కపెడతాడు. కాజాల పిల్ల వస్తోందో లేదో కనుక్కుంటాడు. అప్పుడు చెప్తాడు రోజు. జాకెట్టు కుట్టడం గంట పనే, ఆ సంగతి నాకూ తెలుసు. కానీ ఆయన చెప్పిన రోజుకి ఎప్పుడు వెళ్ళినా ఉత్త చేతులతో తిరిగి రాలేదు.

మీ అమ్మకి ఈ ఆదివారం తప్పకుండా వస్తానన్నావట. పోయిన నెలా అన్నావు. పనసపొట్టు తెప్పించి, ఆవ నూరి, రాత్రి తొమ్మిది దాకా గుమ్మంలోనే కూర్చుంది. ఈసారి ఫోన్ చేసి, "ఈ ఆదివారం గానీ, పై ఆదివారం గానీ" అని చెప్పు. ఆవిడేమీ అనుకోదు. పొట్టు ఎప్పుడు తెప్పించాలో ఆవిడే చూసుకుంటుంది.

మీ అత్త